కెమెరా మన ఎదురుగా కూర్చుంటే...

మా సూర్యలంకకి కెమెరాలు కొత్త కాదు. ఆదివారం వచ్చిందంటే చాలు, బాపట్ల రోడ్డు మీద కార్లు బారులు తీరతాయి. పెళ్ళి కాబోయే జంటలు, వాళ్ళ వెంట ఇద్దరు ముగ్గురు ఫోటోగ్రాఫర్లు, గొడుగులు, లైట్లు... ఒకటే హడావిడి! ఇక కార్తీకమాసంలో అయితే చెప్పనే అక్కర్లేదు. సముద్ర స్నానానికి వచ్చినవాళ్ళు నీళ్ళలో మునిగేది మూడుసార్లు, ఫోన్లో ఫోటో దిగేది ముప్ఫైసార్లు.

మొన్న ధనుర్మాసంలో ఒకరోజు మాకు ఎండు చేపలు ఇచ్చే ఆమె ఒడ్డున పట్టా పరిచి చేపలు ఆరబెట్టుకుంటోందట. ఒక ఫోటోగ్రాఫర్ అబ్బాయి వచ్చి, "అమ్మా, ఆ పట్టా కాస్త పక్కకి లాగు, ఫోటోలో పడుతోంది" అన్నాడట. సరేనని లాక్కుంది. కాసేపటికి అతనే మళ్ళీ వచ్చి, "నువ్వు బుట్ట నెత్తిన పెట్టుకుని అటునుంచి ఇటు నడువు, బాగుంటుంది" అన్నాడట. మూడుసార్లు నడిపించి తీసుకున్నాడు. పదో ఇరవయ్యో చేతిలో పెట్టబోతే ఈమె వద్దంది.

మర్నాడు మా ఇంటికొచ్చి ఇదంతా చెప్పి, "నాకు డబ్బుల మీద లేదక్కా. బుట్టలో ఏముందని కూడా అడగలేదు ఆ పిల్లోడు. ఖాళీ బుట్ట పెట్టుకుని నడిచాను" అంది.

ఆ మాట నాకు అలా గుర్తుండిపోయింది. సంక్రాంతికి హైదరాబాదులో చదువుకుంటున్న మా అక్క కూతురు వచ్చినప్పుడు దానికి చెప్పాను. అది నవ్వలేదు. "పిన్నీ, నీకొక సినిమా చూపిస్తాను. అరగంట కూడా ఉండదు. తెలుగులోనే" అంది. గారెల పిండి రుబ్బుకోవాలే తల్లీ అంటే వింటేనా! ఫోను తీసుకొచ్చి వంటింటి గట్టు మీద పోపుల డబ్బాకి ఆనించి పెట్టింది.

ఆ సినిమా పేరు 'ఇది కథ మాత్రమేనా?' 1983లో తీశారు. నలుపు తెలుపు బొమ్మ. పాటల్లేవు, ఫైట్లు లేవు, మనకు తెలిసిన హీరో హీరోయిన్లు లేరు. పెళ్ళయిన ఒక అమ్మాయి, ఒక ఇల్లు, భర్త చేతి దెబ్బలు, ఆ నాలుగు గోడల మధ్య ఒంటరితనం, మనసు విప్పి మాట్లాడుకోవడానికి ఇంకొక ఆడమనిషి. అంతే! అది అయిపోయేసరికి నా పప్పు నానీ నానీ ఉబ్బిపోయింది, నేను మాత్రం గట్టు దగ్గరే నిలబడి ఉన్నాను.

ఎవరు తీశారే ఇది అని అడిగితే అప్పుడు చెప్పింది మా పిల్ల దీపా ధన్‌రాజ్ గారి గురించి. హైదరాబాదులో పుట్టి, బెంగుళూరులో స్థిరపడిన డాక్యుమెంటరీ దర్శకురాలు. నలభై ఏళ్ళకు పైబడి ఆడవాళ్ళ గురించి, ఆడవాళ్ళతో కూర్చుని సినిమాలు తీస్తున్నారు. మనలో ఎంతమందికి ఆవిడ పేరు తెలుసు? హీరోయిన్ల నగల డిజైన్లు అడిగితే గడగడా చెప్పే నాకే తెలియదు మరి.

ఆ గొంతు ఎవరిది?

డాక్యుమెంటరీ అంటే మన వయసు వాళ్ళకి గుర్తొచ్చేది సినిమాహాల్లో అసలు బొమ్మకి ముందు వేసే న్యూస్ రీలు. ఎవరో ఒకాయన గంభీరమైన గొంతుతో వరదల గురించో, ఆనకట్టల గురించో చెబుతుంటే, మనం వేయించిన పల్లీలు కొనుక్కుంటూ, తర్వాత వచ్చేవాళ్ళకి సీట్లు ఆపుతూ ఉండేవాళ్ళం. తెర మీద ఎవరెవరో కనిపించేవారు గానీ వాళ్ళ మాట మనకి వినిపించేది కాదు. వాళ్ళ గురించి ఆయన చెప్పేవాడు. నాకు గుర్తున్నంతవరకు ఆ గొంతు ఎప్పుడూ మగ గొంతే.

దీపా ధన్‌రాజ్ గారు, ఆమె స్నేహితులు చేసిన ప్రయోగమల్లా ఆ గొంతుని తీసేసి, తెర మీద కనిపించే మనిషి మాటే మనకి వినిపించడం. ఇప్పుడు వింటే ఇంతేనా అనిపిస్తుంది. కానీ 1980లో అది పెద్ద మాటే. ఆ ఏడాది ఆవిడ, ఆభా భయ్యా, మీరా రావు కలిసి 'యుగాంతర్' అని ఒక సినిమా బృందం పెట్టుకున్నారు. కెమెరా నవరోజ్ కాంట్రాక్టర్ గారిది. బరోడాలో చిత్రకళ చదువుకుని ఫోటోగ్రఫీలోకి, సినిమాలోకి వచ్చిన మనిషి ఆయన. మణి కౌల్ తీసిన 'దువిధా'కి కెమెరామన్ ఆయనే. దీపా గారి భర్త కూడా. 2023 జూన్‌లో రోడ్డు ప్రమాదంలో పోయారు పాపం.

ఈ బృందం పనిచేసింది మూడు నాలుగేళ్ళే. తీసినవి నాలుగే సినిమాలు. మొదటిది 1981లో వచ్చిన 'మోల్‌కరీణ్'. మరాఠీలో ఆ మాటకి ఇళ్ళల్లో పనిచేసే మనిషి అని అర్థం. 1980లో పూనా పట్నంలో ఇంటి పనులు చేసుకునే ఆడవాళ్ళు సమ్మె చేసి, తర్వాత సంఘం పెట్టుకున్నారు. ఆ కథని వాళ్ళ నోటే చెప్పించారు.

ఈ సంగతి వింటున్నప్పుడు నాకు కాస్త ఇబ్బందిగానే ఉందండీ, దాచుకోవడం ఎందుకు? పనిమనిషి రాలేదంటే ఆ పూట మన బాధ మనకి తెలుసు. 'చెప్పకుండా మానేసింది చూడు' అని ఇరుగు పొరుగుతో అంటాం. ఆమెకి సెలవు ఎన్ని రోజులని ఎప్పుడైనా ముందు అనుకున్నామా? మా ఇంట్లో పనిచేసే ఆమెకి టీ పోసే గ్లాసు వేరుగా, పెరటి గూట్లో ఉండేది. మా అత్తగారి కాలం నుంచి అక్కడే ఉంది కదాని నేనూ తీయలేదు. సినిమా సంగతి తెలిశాక తీశాను. అదేదో ఘనకార్యం అని చెప్పడం లేదు, ఇరవై ఏళ్ళు ఆలస్యంగా తీశాను కాబట్టి చెబుతున్నాను.

రెండోది 1982లోది, 'తంబాకు చాకిలా ఊబ్ ఆలీ'. కర్ణాటకలో మహారాష్ట్ర సరిహద్దున నిపాణి అనే ఊరుంది. బీడీ పొగాకుకి పేరు. అక్కడి పొగాకు కర్మాగారాల్లో పనిచేసే ఆడవాళ్ళ పోరాటం గురించి. మన గుంటూరు, చిలకలూరిపేట వైపు పొగాకు గ్రేడింగుకి వెళ్ళినవాళ్ళకి ఆ ఘాటు ఎలా ఉంటుందో నేను చెప్పక్కర్లేదు. ఈ బృందం అక్కడికి పోగానే కెమెరా బయటికి తీయలేదు. నాలుగు నెలల పాటు ఆ ఆడవాళ్ళతో కలిసి మెలిసి ఉన్నారు. ఏం తీయాలి, ఎలా తీయాలి అన్నది వాళ్ళతో మాట్లాడుకుంటూ తీశారు. నాలుగోది 'సుదేశ', హిమాలయాల్లో చెట్లు నరకనివ్వకుండా అడ్డుపడిన చిప్కో ఉద్యమంలోని ఒక ఇల్లాలి కథ.

ఇక్కడ ఒక చిన్న లెక్క చెప్పాలి. అప్పట్లో ఇలాంటివి తీసేది 16 ఎం.ఎం. ఫిల్ము మీద. 400 అడుగుల రీలు ఒకటి తిరిగితే పట్టుమని 11 నిమిషాలు. ఆ తర్వాత రీలు మార్చాలి. ఫిల్ము కొనాలి, కడిగించాలి, ప్రింటు వేయించాలి. నెలాఖరున సీసాలో మిగిలిన నూనె వాడుకున్నట్టు వాడుకోవాలన్నమాట. అందుకే కెమెరా మీట నొక్కకముందే ఎన్నో రోజులు వినేవారు. ఇప్పుడు మన ఫోన్లలో ఎంతసేపైనా తీయవచ్చు. అందుకేనేమో వినడం మానేశాం.

నలుగురూ కూర్చుని చెప్పుకున్న కథ

మళ్ళీ మన తెలుగు సినిమాకి వద్దాం. యుగాంతర్ మూడో సినిమా 'ఇది కథ మాత్రమేనా?' దీనికోసం వాళ్ళు హైదరాబాదులోని స్త్రీశక్తి సంఘటనతో కలిశారు. ఈ సంఘటన పేరు మీలో కొందరు విని ఉంటారు. తెలంగాణ సాయుధ పోరాటంలో పాల్గొన్న స్త్రీల అనుభవాలని వాళ్ళ నోటే చెప్పించి 1986లో 'మనకు తెలియని మన చరిత్ర' పుస్తకం తెచ్చింది వీళ్ళే.

సమ్మె అయితే బయట జరుగుతుంది. ఊరేగింపు ఉంటుంది, జెండాలుంటాయి, కెమెరాకి అందుతుంది. ఇంట్లో తలుపులు మూసుకున్నాక పడే దెబ్బని ఎలా తీస్తారు? నిజంగా దెబ్బలు తిన్న ఆవిడని తీసుకొచ్చి కెమెరా ముందు కూర్చోబెట్టి చెప్పమంటే ఆమె మళ్ళీ ఆ ఇంటికి వెళ్ళాలా వద్దా? అందుకని సంఘటనలోని స్త్రీలు, యుగాంతర్ వాళ్ళు కూర్చుని, తమకి జరిగినవి, తెలిసినవి దాచుకోకుండా చెప్పుకున్నారు. అందరి అనుభవాలూ కలిపి ఒక అమ్మాయి కథ చేశారు. మాటలు కూడా పూర్తిగా రాసి బట్టీ పట్టినవి కావు, నటించేటప్పుడు నోటికి వచ్చినవి. ఏ ఒక్కరి జీవితమూ బయటపడలేదు, కానీ అందులో లేని ఇల్లూ లేదు. పేరు చివర ఆ ప్రశ్న గుర్తు ఎందుకుందో ఇప్పుడు అర్థమైంది కదూ!

ఆ రోజుల్లో 'మొగుడు కొట్టాడు' అంటే పోలీసులే నవ్వి పంపేసేవారని పెద్దవాళ్ళు చెబుతారు. అత్తింటి వేధింపుల మీద 498 ఎ సెక్షను వచ్చింది ఈ సినిమా వచ్చిన 1983 చివర్లోనే. గృహహింస చట్టం రావడానికి 2005 దాకా పట్టింది. ఇప్పుడైతే 181 నంబరుకి ఫోన్ చేయవచ్చు. చట్టం ఉన్నా నంబరున్నా నోరు విప్పడానికి ఒక మనిషి ఎదురుగా ఉండాలి. ఈ సినిమాలో నాకు నచ్చింది అదే. ఆ అమ్మాయిని ఎవరో వచ్చి రక్షించరు, తోటి ఆడమనిషి వింటుంది.

ఈ సినిమాలు హాళ్ళలో ఆడలేదు. ప్రొజెక్టరు మోసుకెళ్ళి, బస్తీల్లో, సంఘాల మీటింగుల్లో తెర కట్టి వేసేవారు. బొమ్మ అయిపోయాక లేచి వెళ్ళిపోవడం కాదు, అసలు పని అప్పుడే మొదలయ్యేది. చూసినవాళ్ళు మాట్లాడేవారు. పాతబడిపోయిన ఆ ఫిల్ములని జర్మనీలో, బెర్లిన్ నగరంలోని ఆర్సెనల్ అనే సినిమా సంస్థ బాగుచేయించి కంప్యూటర్లోకి ఎక్కించబట్టి ఇవాళ మా వంటింటి దాకా వచ్చింది. మన తెలుగు బొమ్మ, మన వంటింటికి జర్మనీ మీదుగా రావాల్సి వచ్చింది చూడండి!

నేల మీద గీసిన బొమ్మ

యుగాంతర్ తర్వాత కూడా దీపా గారు ఆగలేదు. 1984 హైదరాబాదు మత కల్లోలాల మీద 1986లో 'క్యా హువా ఇస్ షహర్ కో' తీశారు. 2013లో దాన్ని బెర్లిన్ చలనచిత్రోత్సవంలో మళ్ళీ వేశారు. పౌరహక్కుల న్యాయవాది కె.జి. కన్నబిరాన్ గారి మీద 2007లో 'ది అడ్వొకేట్' తీశారు. 2016 జనవరిలో హైదరాబాదు సెంట్రల్ యూనివర్సిటీలో ప్రాణం తీసుకున్న మన గుంటూరు కుర్రాడు రోహిత్ వేముల మీద, ఆ తర్వాత లేచిన విద్యార్థి ఉద్యమం మీద 2018లో ఒకటి తీశారు. అన్నీ చెబుతూ పోతే పేజీ చాలదు. ఒక్కదాని గురించి మాత్రం చెప్పి తీరాలి.

1991లో వచ్చిన 'సమ్‌థింగ్ లైక్ ఎ వార్'. 'యుద్ధంలాంటిది' అని అర్థం. ఏమిటా యుద్ధం అంటే కుటుంబ నియంత్రణ ఆపరేషన్లు! ఒకవైపు క్యాంపులు చూపిస్తారు. బల్లల మీద వరసగా పడుకోబెట్టిన ఆడవాళ్ళు, ఒక ఆపరేషనుకి నిమిషం కూడా పట్టదని గొప్పగా చెప్పుకునే డాక్టరు. ఇంకోవైపు కొందరు పల్లెటూరి ఆడవాళ్ళు గుండ్రంగా కూర్చుంటారు. ఆడమనిషి ఒంటి ఆకారం గీసుకుని, దాన్ని చూపిస్తూ తమ ఒంటి గురించి, నెలసరి గురించి, కాన్పుల గురించి, కోరికల గురించి కూడా మాట్లాడుకుంటారు. సిగ్గూ ఉంది, నవ్వులూ ఉన్నాయి. మనం వాకిట్లో ముగ్గు వేసుకున్నంత ఇదిగా వాళ్ళు ఆ బొమ్మని నింపుకుంటుంటే, క్యాంపులో ఆ ఒళ్ళు ఎంత చవక అయిపోయిందో ఎవరూ నోటితో చెప్పక్కర్లేకుండానే తెలిసిపోతుంది. చిత్రకళ అంటే గోడకి తగిలించుకునేదే అనుకునేదాన్ని. ఈ గీతలు చూశాక ఆ అభిప్రాయం పోయింది.

ఇది ఎక్కడిదో గొడవ అనుకోకండి. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం మన ఆంధ్రప్రదేశ్‌లో 15 నుంచి 49 ఏళ్ళ లోపు పెళ్ళయిన ఆడవాళ్ళలో నూటికి దాదాపు 70 మంది ఆపరేషన్ చేయించుకున్నవాళ్ళే. దేశంలో మనదే పైచేయి. మగవాళ్ళ ఆపరేషన్లు నూటికి ఒకటి కూడా లేవు! నాకు రెండో కాన్పు అయిన వెంటనే చేసేశారు. నాకు ఇరవై మూడేళ్ళు. సంతకం మావారు పెట్టారు. నన్నెవరూ అడగలేదు, అడగాలని నాకూ తెలియదు. అప్పట్లో దాన్ని ఒక విషయంగా కూడా అనుకోలేదు. ఆ గుండ్రంగా కూర్చున్న ఆడవాళ్ళ మధ్యలో నాకూ కాస్త చోటుంటే బాగుండేది అనిపించింది.

జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ వాళ్ళ ఆధ్వర్యంలో వ్యవసాయ కూలి ఆడవాళ్ళు 1990ల చివర్లో వీడియో కెమెరా నేర్చుకున్నారు. అక్షరం ముక్క రాని వాళ్ళు కూడా నేర్చుకుని సినిమాలు తీశారు. కెమెరా ఎత్తున పెట్టి మనిషిని పైనుంచి కిందికి చూస్తే దాన్ని వాళ్ళు 'పటేల్ షాట్' అంటారట. పటేల్ అలాగే చూసేవాడు కదా మరి! ఎదురుగా, కళ్ళకి సమానంగా పెట్టి తీస్తే 'సంఘం షాట్'. సంఘంలో అందరూ కింద చాపేసుకుని కూర్చుంటారు కాబట్టి. దీపా గారి సినిమాలు మొత్తం నాకు ఈ ఒక్క మాటలో తెలిసిపోయాయి.

మా పిల్ల వెళ్ళిపోయాక, ఒక మధ్యాహ్నం ఎండు చేపలామె వస్తే కూర్చోమన్నాను. నేనూ కిందే కూర్చుని, ఫోన్ చేతిలో పెట్టుకుని, "ఇప్పుడు చెప్పు, బుట్టలో ఏముంటాయి?" అన్నాను. కవళ్ళు, సావళ్ళు, నెత్తళ్ళు ఏవి ఎన్ని రోజులు ఎండాలో, ముసురు పడితే ఎంత నష్టమో, పెద్ద కొడుకు వేటకి పోయి రెండు రోజులు రానప్పుడు ఒడ్డున ఎలా కూర్చుందో చెబుతూ పోయింది. ముప్ఫై ఐదు నిమిషాలకి ఫోన్లో జాగా అయిపోయింది. ఆమె మాత్రం ఆపలేదు. నేనూ ఆపమనలేదు.

ఆ తర్వాత శుక్రవారం మా వీధిలో ఆరుగురిని పిలిచి, ఫోన్ని టీవీకి తగిలించి 'ఇది కథ మాత్రమేనా?' వేశాను. పాత బొమ్మ, రంగు కూడా లేదు, మధ్యలో లేచిపోతారేమోనని పకోడీలు కూడా చేసి పెట్టాను. ఎవ్వరూ లేవలేదు. పకోడీలు చల్లారిపోయాయి. అయిపోయాక కాసేపు ఎవరూ మాట్లాడలేదు. తర్వాత ఒకావిడ, "ఇలాంటివి మన ఊళ్ళో లేవులే" అంది. ఇంకొకావిడ ఆమె వైపు చూసి ఊరుకుంది. పెద్దావిడ ఒకామె, "ఎందుకు లేవే, మీ మామ నన్ను కొట్టని రోజు చెప్పు" అని నవ్వింది. ఎవరూ నవ్వలేదు. ఆవిడా నవ్వడం ఆపేసింది.

నాలుగున్నరకి పిల్లలు బడినుంచి వస్తారని అందరూ లేచారు. ఒక్కామె మాత్రం లేవలేదు. వీధి చివర ఇంటామె. బావి దగ్గర జారానని, తలుపు తగిలిందని ఏడాదిలో నాలుగైదుసార్లు చెప్పిన మనిషి. మేమూ అవునవును అనేవాళ్ళం. అందరూ గుమ్మం దాటాక నెమ్మదిగా, "వదినా, అది ఇంకోసారి పెడతావా?" అంది.

వీధి తలుపు గడియ పెట్టి వచ్చి, మళ్ళీ మొదటినుంచి పెట్టాను. ఈసారి టీవీ పక్కన కాకుండా ఆమె పక్కన చాప మీద కూర్చున్నాను. సగంలో, "దీన్ని కాస్త ఆపు" అంది. ఆపాను. అప్పుడు మొదలుపెట్టింది.